చీటీలో 'నాటు' అని రాస్తే సరిపోదు

సంపాదకులకు నమస్కారం.

కుక్కల ఆపరేషన్ల శిబిరం పెడుతున్నారని మీ జిల్లా పేజీలో చదివి ఈ ఉత్తరం రాస్తున్నాను. గుంతకల్లులో నాది టైలరు షాపు. మా ఇంట్లో సివంగి అని ఆరేళ్ల ముధోల్ వేటజాతి ఆడకుక్క ఉంది. మా బావమరిది కర్ణాటకలోని బాగల్‌కోట్ జిల్లా నుంచి చేతిసంచిలో పెట్టుకొచ్చిన పిల్ల. పొడుగు కాళ్లు, లోపలికి పోయిన పొట్ట, లెక్కపెట్టుకోదగ్గ పక్కటెముకలు. "దీనికి సంగటి పెట్టవా?" అని షాపుకొచ్చినవాళ్లంతా నన్నే తిడతారు.

రెండేళ్ల కిందట ముళ్లకంచె దూకబోయి తొడ చీరుకుంది. వీటి చర్మం మరీ పల్చన, లైనింగు గుడ్డలా చిరుగుతుంది. ఒక ప్రైవేటు క్లినిక్‌కు తీసుకెళ్లాను. చీటీలో జాతి అన్నచోట కాంపౌండర్ 'నాటు' అని రాశాడు. నేనూ ఊరకున్నాను. 21 కిలోలు తూగింది, ఆ లెక్కన థయోపెంటోన్ అనే మత్తుమందు ఇచ్చారు. కుట్లు వేస్తుంటే కాలు కదిపిందని మరికొంచెం ఎక్కించారు. అప్పుడు పగలు పదకొండు. అదే పూట ఆపరేషన్ అయిన లాబ్రడార్ మూడింటికి తన కాళ్ల మీద ఆటో ఎక్కింది. మాది రాత్రి పదైనా కళ్లు తెరవలేదు. క్లినిక్ మూసే వేళయింది, ఇంటికి తీసుకుపొమ్మన్నారు. చెవులు పట్టుకుంటే చల్లగా ఉన్నాయి. థర్మామీటర్ పెడితే 95 డిగ్రీలు. కుక్కకు 101 దాకా ఉండాలి. ముక్కగుడ్డలతో కుట్టిన బొంతలు మూడు కప్పి, వేడినీళ్ల సీసాలకు తువ్వాళ్లు చుట్టి పక్కన పెట్టి, నేనూ నా భార్యా తెల్లవార్లూ దాని ఊపిరి చూస్తూ కూర్చున్నాం. మర్నాడు ఎనిమిదింటికి తల ఎత్తింది.

ఆ డాక్టరు గారి మీద నాకు కోపం లేదు. ఏ కుక్క అని ఆయన అడగలేదు, నేను చెప్పలేదు.

సంగతేమిటో తర్వాత వేరే ఊళ్లో ఒక డాక్టరమ్మ విడమరిచి చెప్పారు. థయోపెంటోన్ మెదడులోంచి కండకూ కొవ్వుకూ జారుకుంటేనే కుక్కకు మెలకువ. వేటజాతులకు ఒంట్లో కొవ్వే తక్కువ. మందు పోయి దాక్కునే చోటు లేక రక్తంలోనే తిరుగుతుంటుంది. పైగా గ్రేహౌండ్‌లనే విదేశీ వేటకుక్కల్లో దాన్ని అరగదీసే కాలేయపు ఎంజైమ్ కూడా మందకొడి. దీని వెనకున్న జన్యు మార్పులను అమెరికాలోని వాషింగ్టన్ స్టేట్ యూనివర్సిటీ వాళ్లు 2020లో బయటపెట్టారు. కొన్ని గోల్డెన్ రిట్రీవర్లకూ ఆ మార్పు ఉందట. ఈ పరిశోధన గ్రేహౌండ్‌ల చుట్టూ జరిగిందే. కానీ కొవ్వులేని ఒళ్లు ముధోల్‌దీ, తమిళనాడు వేటకుక్క చిప్పిపరైదీ అదే కదా.

కిందటేడు సివంగికి పిల్లలు పుట్టకుండా ఆపరేషన్ ఆమె దగ్గరే చేయించాను. ప్రొపోఫాల్ అనే వేరే మత్తుమందు చూసుకుంటూ కొద్దికొద్దిగా ఎక్కించి, తర్వాత ఐసోఫ్లురేన్ గ్యాస్ మీద ఉంచారు. కింద వేడి పరుపు, పాదాలకు నా పాత సాక్సులు. రక్తపరీక్షలో ఎర్రకణాల శాతం 56 వచ్చిందని ల్యాబ్ అబ్బాయి కంగారుపడితే, ఈ జాతులకు అంత ఉండడం మామూలేనని ఆమె నవ్వారు. గంటన్నరలో లేచి నిలబడింది. గ్రేహౌండ్‌లకు ఒకటి రెండు రోజులు ఆగి నెత్తురు కారడం ఉంటుంది, దీనికీ కుట్ల చుట్టూ కమిలితే ఫోన్ చేయమన్నారు. ఆ అవసరం రాలేదు. ఖర్చు మాత్రం మూడింతలైంది, దాచను.

కుందేళ్ల వేట నేరమైనా, ఆ వేటకు పెంచిన కుక్కలు మా పల్లెల్లో ఇంకా ఉన్నాయి. తపాలా శాఖ 2005లో ముధోల్ బొమ్మతో స్టాంపు వేసింది, సైన్యం కూడా ఈ జాతి కుక్కలను తీసుకుంది. మన ఆస్పత్రి చీటీకి మాత్రం అది 'నాటు'. శిబిరాల్లో జైలజిన్, కెటమిన్ అనే మత్తుమందులు వాడతారు, థయోపెంటోన్ కాదు అంటారేమో. ఏది వాడినా బక్క ఒళ్లు చల్లబడక మానదు. అందుకే పశుసంవర్ధక శాఖ వాళ్లు చీటీలో 'వేటజాతి: అవును/కాదు' అని ఒక గడి పెట్టాలి. అవును అని ఉంటే బొంతలు ముందే సిద్ధం చేసుకోవాలి, కుక్క లేచి నడిచేదాకా ఇంటికి పంపకూడదు. పెంచేవాళ్లు కూడా నాలా మొహమాటపడకుండా "ఏ మత్తు ఇస్తున్నారు సార్?" అని అడగాలి.

శిబిరం వచ్చే నెలలో అని రాశారు. చీటీలు ఇంకా అచ్చుకు వెళ్లకపోతే ఆ గడికి చోటు దొరుకుతుంది. బొంతలు కావాలంటే పది నేను కుట్టిస్తాను, కూలి అక్కర్లేదు.

— ఒక టైలరు, గుంతకల్లు