పూతరేకులు తీసే వసారాకి షాపు బిల్లా?

ఎడిటర్ గారికి నమస్కారం అండి,

పోయిన ఆదివారం మన జిల్లా పేజీలో ఇంటి మీటర్ల మీద వ్యాపారాలు చేసేవాళ్ళని కరెంటోళ్ళు తనిఖీల్లో పట్టుకుంటున్నారని రాశారు, చూశాను. నాలుగు రోజులు ఊరుకున్నాను గానీ ఇంట్లో పూతరేకులు తీసే మా వదిన షాపు రేటు పడ్డ బిల్లు చేతిలో పెట్టాక ఇంక ఊరుకోలేక రాస్తున్నాను. ఆ వార్త చదివితే పట్టుబడ్డవాళ్ళంతా దొంగల్లాగే ఉన్నారు, వాళ్ళెవరో ఏం చేస్తున్నారో మాత్రం ఒక్క ముక్క లేదు.

మాది ఆత్రేయపురం వైపండి. పూతరేకులకి 2023లో జీఐ గుర్తింపు (ఫలానా ఊరి సరుకని ఇచ్చే భౌగోళిక గుర్తింపు) వచ్చిందని అందరం సంతోషపడ్డాం. ఆ రేకు ఫ్యాక్టరీలో తియ్యరు, ఇంటి వసారాలో ఆడవాళ్ళు తీస్తారు. బోర్లించిన కుండ, కింద ఎండు కొబ్బరాకు మంట, జారుగా రుబ్బిన బియ్యప్పిండిలో గుడ్డ ముంచి కుండ మీద లాగడం, అంతే. ఫ్యాన్ వేస్తే రేకు ఎగిరిపోద్ది కాబట్టి మే నెలలో కూడా ఆ సెగ ముందు ఫ్యాన్ లేకుండానే కూచుంటారు. కరెంటుతో పనల్లా పిండి రుబ్బే గ్రైండరు, ఒక బల్బు. ఆ గ్రైండర్లోనే ఇంట్లోకి ఇడ్లీ పిండీ పడుద్ది. ఇది కమర్షియల్ అట!

ఎవరొచ్చి చూశారో, ఎప్పుడు చూశారో వదినకి తెలీదు. కాగితం ఇవ్వలేదు, సంతకం పెట్టించుకోలేదు. బిల్లు మీద కేటగిరీ 1 (ఇల్లు) ఉండాల్సిన చోట 2 (కమర్షియల్) వచ్చింది, అంతే. రీడింగు తీసే కుర్రాడిని అడిగితే ఆఫీసులో అడగండమ్మా అన్నాడు, ఆఫీసుకెళ్తే ఏఈ (అసిస్టెంట్ ఇంజనీరు) గారు లైన్ మీదున్నారు రేపు రండి అన్నారు, అలా మూడు రేపులు అయ్యాయి, ప్రతిసారీ ఆటోకి డబ్బులు, ఆ పూట రేకుల పని పోయింది.

లెక్క చెప్తాను చూడండి. 2022లో ఇళ్ళని వాడకాన్ని బట్టి విడగొట్టే గ్రూపులు తీసేసి పెట్టిన స్లాబుల్లో 140 యూనిట్లు కాలిస్తే ఇంటికి 507 రూపాయలు. అవే 140 యూనిట్లు కమర్షియల్లో 1014 దాటుద్ది. ఇది ఒట్టి యూనిట్ల డబ్బే, సర్దుబాటు చార్జీలు వేరే. ఫిక్స్‌డ్ చార్జీ కూడా ఇంటికి కిలోవాట్‌కి 10 అయితే షాపుకి 75. రేకుల లెక్కన కూలి తీసుకునే మనిషి ఇంత తేడా ఎక్కణ్ణుంచి తెచ్చి కడుద్ది?

రోడ్డు మీద బోర్డు పెట్టి, ఏసీలు, రెండు ఫ్రిజ్‌లు పెట్టి ఇంటి మీటరు మీద నడిపేవాళ్ళకి వెయ్యండి, నేనేం కాదనను. కానీ 2003 కరెంటు చట్టం 126 సెక్షన్‌లోనే ముందు తాత్కాలిక లెక్క ఇవ్వాలి, అభ్యంతరం వినాలి, ఆ తర్వాతే ఫైనల్ ఆర్డరు అని ఉంది. ఎందుకంటే ఆ సెక్షన్ కింద పడితే రెట్టింపు రేటు, ఎప్పట్నుంచో తేలకపోతే ఏడాది వెనక్కి వేస్తారు, అప్పీలుకి వెళ్ళాలన్నా సగం డబ్బు ముందు కట్టాలి. అంత పెద్ద దెబ్బ కాబట్టే వినమన్నారు. ఇక్కడ వినడం మాట అటుంచి చెప్పడమే లేదు. పైగా కుటీర పరిశ్రమలకని 10 హెచ్‌పీ లోపు వేరే కేటగిరీ ఎప్పట్నుంచో ఉంది, రేకులు తీసే ఇళ్ళకి ఆ దారి ఉందో లేదో ఒక్క ఆఫీసరన్నా వచ్చి చెప్పాడా? ఫిర్యాదుల వేదిక ఉంటుందని కూడా నేను చెప్తేనే వదినకి తెలిసింది.

అసలు ఏ ఆఫీసు చూసినా ఇలాగే తయారైంది. గాలివానకి కొబ్బరిచెట్టు తీగల మీద పడితే కరెంటు ఫిర్యాదుల నంబరు 1912కి ఎన్నిసార్లు ఫోన్ చేసినా రెండు రోజులు దిక్కుండదు, కేటగిరీ మార్చడానికి మాత్రం ఎవరికీ కనపడకుండా వచ్చి వెళ్ళిపోతారు. వెనకటి లైన్‌మాన్‌కి ఏ ఇంట్లో ఎవరుంటారో ఏం పని చేస్తారో తెలిసేది, గుమ్మంలో నిలబడి అమ్మా అని పిలిచి మాట్లాడేవాడు.

ఫ్యూజు పీకేస్తారన్న భయంతో వదిన ఈ నెల కట్టేసింది. పక్క వీధిలో ఇంకో ఇద్దరికీ ఇలాగే వచ్చిందంటున్నారు. తనిఖీల వార్త వేశారు కాబట్టి ఇదీ వెయ్యాలండి. మీ విలేకరిని ఒకసారి పొద్దున్నే మా వీధికి పంపండి, రేకులు తీస్తుండగా చూడొచ్చు, మీటరూ చూపిస్తాం, ఆ మూడు బిల్లులూ ఇస్తాం.

ఇట్లు,
ఒక పాఠకుడు, కోనసీమ