రూత్ డి సౌజా పేరు లేకుండా బ్రెజిల్ నటీమణుల కథా?

సంపాదకులు గారికి నమస్కారం,

ఆదివారం అనుబంధంలో బ్రెజిల్ సినిమా మీద వేసిన వ్యాసం బాగుంది. ఫెర్నాండా టోరెస్‌కి గోల్డెన్ గ్లోబ్ రావడం, అంతకు పాతికేళ్ల ముందు వాళ్లమ్మ ఫెర్నాండా మోంటెనెగ్రో ఆస్కార్ నామినేషన్ దాకా వెళ్లడం, అన్నీ ఆసక్తిగా చదివించారు. కానీ బ్రెజిల్ నటిని బయటి ప్రపంచం గుర్తించడం ఆ తల్లీకూతుళ్లతోనే మొదలైనట్టు రాశారే, అక్కడే నాకు పేచీ. నల్లజాతి నటి రూత్ డి సౌజా పేరు ఒక్కచోటైనా కనిపించలేదు.

ఆవిడ 1921లో రియోలో పుట్టింది. తండ్రి పోయాక తల్లి కోపకబానాలో బట్టలుతికి పిల్లల్ని పెంచింది. ఆ రోజుల్లో బ్రెజిల్ నాటకాల్లో నల్లవాళ్ల పాత్ర కాస్త పెద్దదైతే చాలు, తెల్ల నటులే మొహానికి నలుపు పూసుకుని వేసేసేవాళ్లు. (మనం నవ్వక్కర్లేదు, పల్లెటూరి పిల్ల పాత్రకి తెల్లటి హీరోయిన్‌ని తెచ్చి చామనఛాయ మేకప్ వేయడం మనకి కొత్తేం కాదు.) ఇది భరించలేక నల్లజాతి ఉద్యమకారుడు అబ్దియాస్ దో నసిమెంటో 1944లో నల్లజాతి వాళ్ల కోసం ఒక నాటక సంస్థ పెట్టాడు. పనిమనుషులు, కూలీలు వచ్చి చేరారు, చదువు రానివాళ్లకి అక్కడే అక్షరాలు కూడా నేర్పేవాళ్లు. రూత్ మొదలైంది అక్కడే. 1945 మే 8న, ఐరోపాలో యుద్ధం ముగిసిన రోజునే, పారిస్ ఆపెరాని చూసి కట్టుకున్న రియో మునిసిపల్ థియేటర్‌లో వాళ్లు అమెరికన్ రచయిత యూజీన్ ఓనీల్ నాటకం ‘ఎంపరర్ జోన్స్’ వేశారు. ఓనీల్ హక్కులకి డబ్బు తీసుకోలేదు. ఆ స్టేజీ మీద నటించిన మొదటి నల్లజాతి నటి రూతే.

తర్వాత రాక్‌ఫెల్లర్ ఫౌండేషన్ స్కాలర్‌షిప్ మీద అమెరికా వెళ్లి హోవర్డ్ యూనివర్సిటీలో, క్లీవ్‌లాండ్‌లోని కరామూ హౌస్ అనే నాటక కేంద్రంలో చదువుకుంది. తిరిగొచ్చాక వెరా క్రూజ్ స్టూడియో తీసిన ‘సిన్యా మోసా’లో చేసింది. బానిసత్వం రద్దయ్యే ముందు రోజుల కథ అది, అందులో ఆవిడది సబీనా అనే బానిస పాత్ర. 1953లో సినిమాకి వెనిస్ ఫిల్మ్ ఫెస్టివల్‌లో కాంస్య సింహం బహుమతి వచ్చింది, ఉత్తమ నటి పోటీలో రూత్ పేరూ నిలిచింది. బహుమతి లిల్లీ పామర్‌కి వెళ్లిందనుకోండి, అయినా మోంటెనెగ్రో ఆస్కార్ నామినేషన్‌కి నలభై ఏళ్లకు పైగా ముందు మాట ఇది.

వెనిస్ దాకా వెళ్లొచ్చిన నటికి ఆ తర్వాత ఏం పాత్రలిచ్చారంటారా? ఎక్కువగా పనిమనుషులు, బానిసలు, మంత్రసానులు. 1969లో గ్లోబో టీవీ, టామ్ అనే నల్లజాతి బానిస కథ చెప్పే అమెరికన్ నవల ‘అంకుల్ టామ్స్ క్యాబిన్’ని సీరియల్‌గా తీసి టామ్ భార్య క్లోయీ పాత్ర రూత్‌కి ఇచ్చింది. ముఖ్య పాత్రే, బాగానే ఉంది. కానీ టామ్ వేషం వేసిందెవరు? సెర్జియో కార్డోసో, తెల్లాయన. ఒంటికి నల్లరంగు, నెత్తిన విగ్గు, ముక్కు వెడల్పుగా కనపడాలని లోపల బెండు ముక్కలు! ఆ సీరియల్‌లోనే అబ్రహాం లింకన్ కూడా ఆయనే, అదొక తమాషా. నాటక రచయిత ప్లీనియో మార్కోస్ లాంటివాళ్లు గట్టిగానే గొడవ చేశారు, కానీ సీరియల్ ఆగలేదు. నల్లరంగు పూసుకునే ఆచారాన్ని కాదని పుట్టిన సంస్థలోంచి వచ్చిన మనిషి, పాతికేళ్ల తర్వాత టీవీలో అదే రంగు పూసుకున్న ఆయన పక్కన భార్యగా నిలబడాల్సి వచ్చింది.

అయినా ఆవిడ పని మానలేదు. 2004లో బ్రెజిల్‌లోని గ్రామాదో ఫిల్మ్ ఫెస్టివల్‌లో సాటి నటి లేయా గార్సియాతో కలిసి ఉత్తమ నటి బహుమతి అందుకునేసరికి ఎనభై మూడేళ్లు. 2019లో పోయింది.

వచ్చే ఆదివారం కనీసం అర పేజీ ఈవిడకి ఇవ్వండి. “మొదటి నల్లజాతి నటి” అని ఒక్క ముక్కలో తేల్చేయకుండా నటన గురించి కూడా రాయించండి. ఫొటో వేస్తే మాత్రం దయచేసి తలగుడ్డ కట్టుకున్న బానిస వేషంలోది కాకుండా ఇంకేదైనా వెయ్యండి.

ఇట్లు,
మీ పాఠకురాలు, రాజమండ్రి