రెండు వైపులా నిలబడనివ్వండి

సంపాదకులకు నమస్కారం.

పద్దెనిమిదేళ్లుగా భూగర్భ మెట్రోలో వెళ్లి విశ్వవిద్యాలయంలో వృక్షశాస్త్రం చెబుతున్నాను. ఉదయం తొమ్మిది గంటల క్లాసుకు ముందు రెండు దిక్కుల నుంచీ రైళ్లు ఒకేసారి వస్తే ప్లాట్‌ఫాం మీద కాలు పెట్టే చోటుండదు. ఎస్కలేటర్ దగ్గర మాత్రం అందరం కుడివైపే వరుస కడతాం. నడిచి ఎక్కేవాళ్ల కోసం వదిలిన ఎడమ సగం దాదాపు ఖాళీగానే పైకి పోతుంది. అంత ఎత్తు నడిచి ఎక్కే ఓపిక ఎంతమందికి ఉంటుంది?

మొన్న పరీక్షల రోజున నా వెనకే హాల్ టికెట్ పట్టుకుని ఒక అమ్మాయి. "మేడమ్, గేటు మూసేస్తారేమో" అంటూ కళ్లనీళ్లు పెట్టుకుంది. ఇంతలో ఇంకో రైలు వచ్చింది. దిగినవాళ్లకు ముందుకు కదిలే దారి లేక పట్టాల అంచునే ఆగిపోయారు. ఆలస్యం సంగతి అటుంచి, అది చూసి నాకు గుండె దడ పుట్టింది.

లండన్‌లోని హోబర్న్ భూగర్భ స్టేషన్‌లో 2015లో రెండు వైపులా నిలబడమని చెప్పి చూశారు. రద్దీ వేళ ఎస్కలేటర్ దాదాపు 30 శాతం ఎక్కువ మందిని పైకి చేర్చింది. మన దగ్గరా ఉదయం ఆ ఒక్క గంట అలా చేయించాలి. మెట్ల మీద అడుగుల గుర్తులు వేసి, మైకులో చెప్పి, మొదటి వారం ఒక మనిషిని పెడితే చాలు. తొందర ఉన్న కుర్రాళ్లకు పక్కన మామూలు మెట్లు ఎలాగూ ఉన్నాయి. విశ్వవిద్యాలయం వారు కూడా క్లాసులన్నీ ఒకే నిమిషానికి మొదలుపెట్టకుండా, కొన్ని విభాగాలను పావుగంట అటూ ఇటూ జరపాలని కోరుతున్నాను.

– ఒక అధ్యాపకురాలు