కృష్ణ మీనన్ కౌన్సిలర్‌గిరీ, మన గ్రంథాలయ సెస్సు

సంపాదకులకు,

నెహ్రూ హయాంలో రక్షణ మంత్రిగా చేసిన వి.కె. కృష్ణ మీనన్ పేరెత్తితే మన పత్రికల్లో 1962 చైనా యుద్ధం, కశ్మీర్ మీద ఐక్యరాజ్యసమితిలో దాదాపు 8 గంటల ప్రసంగం, ఈ రెండే కనిపిస్తాయి. లండన్‌కు వలస వెళ్లిన వకీలుగా అక్కడి పేట కౌన్సిల్‌లో కూర్చుని ఆయన చేసిన పని గురించి ఎవరూ రాయరు. వరంగల్‌కు పనికొచ్చేది ఆ భాగమే.

మలబారు నుంచి 1924లో లండన్ చేరిన మీనన్ 1934లో అక్కడి న్యాయవాదుల సంస్థ మిడిల్ టెంపుల్‌లో బారిస్టర్ అయ్యారు. ఆ ఏడే సెయింట్ పాంక్రాస్ బరోలో లేబర్ పార్టీ కౌన్సిలర్‌గా గెలిచారు. అప్పటి చట్టం కింద భారతీయులూ బ్రిటిష్ ప్రజలే గనక పోటీకి అడ్డు రాలేదు. బరో అంటే చెత్త, వీధి దీపాలు, గ్రంథాలయాలు చూసుకునే స్థానిక సంస్థ. పేరు తెచ్చే పనులు వేరే ఉన్నా ఆయన గ్రంథాలయ కమిటీని పట్టుకున్నారు, దానికి అధ్యక్షత వహించారు. పేటలో ఎన్ని పబ్బులున్నాయో అన్ని గ్రంథాలయాలు ఉండాలని కోరుకునేవారట. 1937లో మొదలైన 6 పెన్నీల పెలికాన్ పుస్తకాలకు (సామాన్యుల కోసం వేసిన చవక విజ్ఞాన పుస్తకాలు) తొలి సంపాదకుల్లో ఆయనా ఒకరు. 1955లో ఆ బరో ఆయనను తన అత్యున్నత పౌర గౌరవంతో సత్కరించింది. అంతకు ముందు ఆ గౌరవం పొందినవాడు బెర్నార్డ్ షా.

ఇక మన సంగతి. 1904లోనే రాజరాజనరేంద్రాంధ్ర భాషానిలయం వెలసిన ఊరు హనుమకొండ. ఇంటిపన్ను రశీదు ఒకసారి తీసి చూడండి. ‘గ్రంథాలయ సెస్సు’ అని చిన్న అక్షరాల్లో ఒక వరుస ఉంటుంది. 1960 నాటి గ్రంథాలయాల చట్టం ప్రకారం రూపాయి పన్నుకు 8 పైసలు. పన్ను 5,000 అయితే సెస్సు 400. దాన్ని మునిసిపాలిటీ వసూలు చేసి జిల్లా గ్రంథాలయ సంస్థకు అప్పజెప్పాలి. అది మునిసిపాలిటీ సొమ్ము కాదు, దాని చేతిలో ఉన్న పరాయి సొమ్ము.

చాలా పురపాలికల్లో తేడా వచ్చేది ఇక్కడే. పన్ను, సెస్సు ఒకే ఖాతాలో పడతాయి. నెల తిరిగేసరికి జీతాలు, కరెంటు బిల్లులు, కాంట్రాక్టర్ల బకాయిలు మీద పడతాయి. గ్రంథాలయం గట్టిగా అడగలేదు, కాబట్టి దాని వంతు ఎప్పుడూ చివరిదే. ఫలితం చదువుకునే గదిలో కనిపిస్తుంది. గ్రూప్స్‌కు, కానిస్టేబుల్ పరీక్షకు చదివే పిల్లలు పొద్దున్నే వచ్చి కుర్చీ కోసం వెతుక్కుంటారు, బీరువాలో మాత్రం సిలబస్ మారక ముందటి పుస్తకాలు.

కార్పొరేటర్ కావాలనుకునే యువ న్యాయవాదులు మొదలుపెట్టాల్సింది ఇక్కడ. బడ్జెట్ పుస్తకంలో సెస్సు రాబడి పద్దు ఒక పేజీలో, చెల్లింపు పద్దు మరో పేజీలో ఉంటాయి. రెండూ పక్కపక్కన పెట్టి చూడండి. తేడా ఉంటే సమాచార హక్కు దరఖాస్తు వేయండి. రుసుము 10 రూపాయలు, గడువు 30 రోజులు. గత 3 ఆర్థిక సంవత్సరాలకు సెస్సు డిమాండ్ (రావలసిన మొత్తం) ఎంత, వసూలు ఎంత, గ్రంథాలయ సంస్థకు జమ చేసింది ఎంత, ఏ తేదీన, ఏ చలానా మీద అని అడగండి. ‘ఎందుకు కట్టలేదు’ అని మాత్రం రాయకండి. కారణం చెప్పడం సమాచారం కిందికి రాదంటూ తిప్పి పంపేస్తారు, నెల వృథా. అంకెలే అడగండి, ప్రశ్న వాటిలోనే ఉంటుంది. అవే అంకెలు గ్రంథాలయ సంస్థ నుంచి కూడా తెప్పించుకుంటే ఎవరి లెక్క తప్పో తేలిపోతుంది.

మన నగరం 66 డివిజన్లతో హనుమకొండ, వరంగల్ రెండు జిల్లాల్లోనూ ఉంది. అందుకని ఏ జిల్లా సంస్థకు ఎంత వెళ్లిందో విడివిడిగా అడగడం మరిచిపోవద్దు.

నవంబరు 14 నుంచి 20 దాకా గ్రంథాలయ వారోత్సవాలు. ఆ లోగా ఈ లెక్కలు ప్రతి శాఖా గ్రంథాలయం నోటీసు బోర్డు మీద అంటించాలని కోరుతున్నాం.

– గ్రంథాలయ పాఠకులు, హనుమకొండ