హక్కుగా అడగడం నేర్చుకుంటున్నాం: సంఘం వార్షిక నివేదిక

గౌరవ సభ్యులకు నమస్కారం.

కిందటి సర్వసభ్య సమావేశంలో మీరు కార్యవర్గానికి ఒక పని ప్రత్యేకంగా అప్పగించారు. వికలాంగుల హక్కులు ఎక్కడ రాసి ఉన్నాయో, ఏ మాటల్లో రాసి ఉన్నాయో అందరం కూర్చుని చదవాలన్నారు. మన అధ్యయన బృందం ఏడాది పొడవునా ఆ పనే చేసింది. పంపిణీలు, శిబిరాలు, సత్కార సభలు ఈసారి తగ్గాయి. అది కార్యవర్గం తెలిసి తీసుకున్న నిర్ణయమే. అందుకే ఈ నివేదికలో ఎక్కువ భాగం ఆ చదువు గురించి, అది మన పనిని మార్చిన తీరు గురించే ఉంటుంది.

మన దగ్గరకు వచ్చే అర్జీలు చాలావరకు ‘దయతో’, ‘పెద్ద మనసు చేసుకుని’ అనే మాటలతో మొదలవుతాయి. రాసినవారిని తప్పుపట్టలేం. ఇంతకాలం వారికి ఏది దక్కినా అలా అడిగితేనే దక్కింది. కానీ దయ చూపేవారు ఎప్పుడైనా మానేయవచ్చు. మానేస్తే అడిగే దిక్కు ఉండదు. హక్కు అలాంటిది కాదు. దానికి ఎదురుగా ఒక బాధ్యుడు ఉంటాడు, అతను చేయాల్సిన పని ఉంటుంది, చేయకపోతే వెళ్లి చెప్పుకోవడానికి ఒక చోటు ఉంటుంది. ఏ అధికరణం చదివినా ఈ మూడూ అందులో ఎక్కడ ఉన్నాయో వెతకాలని బృందం మొదట్లోనే నియమం పెట్టుకుంది.

చదువు ఎక్కడ మొదలైంది

1948 డిసెంబరు 10న ఐక్యరాజ్యసమితి ఆమోదించిన విశ్వ మానవ హక్కుల ప్రకటనతో మొదలుపెట్టాం. ఏ కారణంతోనూ వివక్ష చూపకూడదని చెప్పే రెండో అధికరణంలో జాతి, రంగు, లింగం, భాష, మతం, ఆస్తి, పుట్టుక అన్నీ ఉన్నాయి. వైకల్యం లేదు. ‘ఇతర హోదా’ అన్న మాటలో దాన్ని కలుపుకొని చదువుకోవాల్సిందే. ఆ మాట పేరుతో సహా కనిపించేది 25వ అధికరణంలో. అక్కడ అది నిరుద్యోగం, జబ్బు, వైధవ్యం, వృద్ధాప్యం పక్కన, సామాజిక భద్రత అవసరమయ్యే పరిస్థితుల వరుసలో ఉంది. అంటే అంత గొప్ప పత్రానికి కూడా వైకల్యం ఆదుకోవాల్సిన ఆపదగానే తోచింది. 1966 నాటి రెండు అంతర్జాతీయ ఒడంబడికల వివక్ష నిషేధ జాబితాల్లోనూ అది లేదు. వైకల్యం పేరు చెప్పి మరీ వివక్షను నిషేధించడం ఐక్యరాజ్యసమితి ఒడంబడికల్లో 1989 నాటి బాలల హక్కుల ఒడంబడికలో కనిపిస్తుంది.

ఇంత ఆలస్యం ఎందుకైందని చర్చలో చాలామంది అడిగారు. మా అభిప్రాయం ఇది: వైకల్యాన్ని శరీరంలోని లోపంగా చూసినంతకాలం అది వైద్యుడి పని, లేదా దాతల పని. చట్టానికి అక్కడ చోటు కనబడదు. మెట్లు మాత్రమే కట్టిన భవనం, మాటలు మాత్రమే వినిపించే తరగతి, అచ్చులో మాత్రమే దొరికే దరఖాస్తు మనిషిని ఆపుతున్నాయని ఒప్పుకున్నాక, వాటిని కట్టినవారికి బాధ్యత వస్తుంది. 2006 డిసెంబరు 13న ఐక్యరాజ్యసమితి సర్వప్రతినిధి సభ ఆమోదించిన వికలాంగుల హక్కుల ఒడంబడిక ఈ ఎరుక మీదే నిలబడింది. దీర్ఘకాలిక లోపాలకు చుట్టూ ఉన్న అవరోధాలు తోడై, ఇతరులతో సమానంగా సమాజంలో పాల్గొనకుండా అడ్డుపడతాయని మొదటి అధికరణమే చెబుతుంది.

దాని రూపకల్పన గురించి ఒక్క మాట. ‘మా గురించి, మేం లేకుండా ఏదీ వద్దు’ అని నినదించిన వికలాంగుల సంస్థలు చర్చల్లో స్వయంగా కూర్చున్నాయి. సంతకాలకు పెట్టిన మొదటి రోజున, 2007 మార్చి 30న, 82 సంతకాలు పడ్డాయి. ఐక్యరాజ్యసమితి ఒడంబడికల్లో మొదటి రోజే అన్ని సంతకాలు అంతకుముందు ఎన్నడూ లేవు. 2008 మే 3న అది అమలులోకి వచ్చింది. ఇప్పుడు 190కి పైగా దేశాలు దానికి కట్టుబడి ఉన్నాయి.

అందుబాటు వేరు, సర్దుబాటు వేరు

ఈ ఏడాది చదువులో మనకు అన్నిటికంటే ఎక్కువ ఉపయోగపడింది ఇదే కాబట్టి కాస్త వివరంగా రాస్తున్నాను.

వికలాంగుల హక్కుల ఒడంబడికలోని తొమ్మిదో అధికరణం అందుబాటు గురించి చెబుతుంది. భవనాలు, రవాణా, సమాచారం, ప్రజలకు అందే సేవలు ముందు నుంచే అందరికీ వీలుగా ఉండాలి. ఎవరో వచ్చి అడిగే దాకా ఆగడానికి వీల్లేదు. ఒక్క వికలాంగుడూ ఇటు రావడం లేదు కదా అన్న జవాబు చెల్లదు. రాలేని చోటికి ఎవరు వస్తారు?

అదే ఒడంబడికలోని రెండో, అయిదో అధికరణాలు సహేతుకమైన సర్దుబాటు గురించి చెబుతాయి. ఇది ఒక మనిషికి, ఒక సందర్భంలో కావలసింది. పరీక్షలో అదనపు సమయం, పనివేళల్లో మార్పు, సమావేశానికి సంజ్ఞా భాష అనువాదకుడు, తెర మీద ఉన్నది చదివి వినిపించే సాఫ్ట్‌వేరుకు అందే రూపంలో పత్రం లాంటివన్నీ ఇందులోకి వస్తాయి. అడిగిన క్షణం నుంచే బాధ్యత మొదలవుతుంది. మోయలేని భారం అని నిరూపించగలిగితే తప్ప నిరాకరించకూడదు. నిరాకరిస్తే అది వివక్షేనని రెండో అధికరణం సూటిగా అంటుంది.

ఈ తేడాను ఒడంబడిక అమలును పరిశీలించే కమిటీ 2014లో వెలువరించిన రెండో సాధారణ వ్యాఖ్యలో (అధికరణాల అర్థాన్ని కమిటీ వివరించే పత్రం) స్పష్టం చేసింది. అందుబాటు సమూహాలకు సంబంధించింది, ముందుగానే నెరవేర్చాల్సింది, భారం అనే సాకు దానికి వర్తించదు. సర్దుబాటు వ్యక్తికి సంబంధించింది, అడిగినప్పటి నుంచి వర్తించేది. మన సభ్యులకు ఎదురయ్యే చాలా తిరస్కరణల్లో ఈ రెండూ కలగాపులగం అయిపోతాయి. ర్యాంపు లేదని అడిగితే ఖర్చు ఎక్కువంటారు. అది అందుబాటు విషయం, ఆ వాదన నిలవదు. ఒక ఉద్యోగి పనివేళలు మార్చమంటే అందరికీ ఒకటే నియమమంటారు. అది సర్దుబాటు విషయం, అందరికీ ఒకే నియమం పెట్టడమే అక్కడ సమస్య.

చివరి మాటకు బలమైన ఆధారం స్వీడన్‌ మీద ఆ కమిటీకి వచ్చిన ఒక ఫిర్యాదులో దొరికింది. తీవ్రమైన వ్యాధితో ఇల్లు కదలలేని ఒక మహిళ, చికిత్సకు అవసరమైన నీటి కొలను తన ఇంటి దగ్గర కట్టుకునేందుకు అనుమతి అడిగింది. ఆ స్థలంలో నిర్మాణాలు కుదరవని, నిబంధన అందరికీ సమానమని స్థానిక అధికారులు తోసిపుచ్చారు. అందరికీ ఒకేలా వర్తించే నియమం కూడా, అది ఎవరికి వర్తిస్తుందో ఆ మనిషి పరిస్థితిని పట్టించుకోకపోతే వివక్ష కావచ్చని 2012లో కమిటీ తేల్చింది. బృందంలో ఈ నిర్ణయం చదివిన రోజు చర్చ ఆగలేదు.

తొమ్మిదో అధికరణం మీద రెండు నిర్ణయాలు చదివాం. హంగరీలో చూపులేని ఇద్దరు ఖాతాదారులు మిగతావారితో సమానంగా కార్డు రుసుము కడుతున్నా, బ్యాంకు నగదు యంత్రాల్లో బ్రెయిలీ గానీ ధ్వని గానీ లేక సొంతంగా డబ్బు తీసుకోలేకపోయారు. బ్యాంకు ప్రైవేటుదే అయినా, ప్రజలకిచ్చే సేవలు అందుబాటులో ఉండేలా చూడాల్సిన బాధ్యత రాజ్యానిదేనని 2013లో కమిటీ చెప్పింది. ఆస్ట్రియాలోని లింజ్ నగరంలో ట్రామ్ మార్గాన్ని పొడిగించినప్పుడు పాత స్టాపుల్లో ఉన్న ధ్వని సమాచార వ్యవస్థను కొత్త స్టాపుల్లో పెట్టలేదు. చూపులేని ఒక ప్రయాణికుడి ఫిర్యాదుపై 2015లో కమిటీ ఒడంబడిక ఉల్లంఘన జరిగిందని చెప్పింది. పాత కట్టడాన్ని మార్చడానికి సమయం పడుతుందంటే కొంత అర్థం చేసుకోవచ్చు. కొత్తగా కట్టేది కూడా అవరోధంతోనే కడితే దానికి ఏ సమర్థనా లేదు.

‘వాళ్ల మేలు కోసమే’

బృందంలో అభిప్రాయాలు గట్టిగా విడిపోయింది 12వ అధికరణం దగ్గర. జీవితంలోని అన్ని రంగాల్లోనూ వికలాంగులకు ఇతరులతో సమానంగా చట్టపరమైన సామర్థ్యం ఉంటుందని అది చెబుతుంది. ఆస్తి కొనడం, ఒప్పందం చేసుకోవడం, చికిత్సకు ఒప్పుకోవడం లేదా కాదనడం, పెళ్లి చేసుకోవడం అన్నీ ఇందులోకి వస్తాయి. ఒక మనిషి బదులు సంరక్షకుడు నిర్ణయాలు తీసుకునే పద్ధతిని తీసేసి, ఆ మనిషి తానే నిర్ణయించుకోవడానికి తోడ్పడే పద్ధతి తేవాలని కమిటీ 2014 నాటి మొదటి సాధారణ వ్యాఖ్యలో కోరింది. ఎంత ప్రయత్నించినా మనసు తెలుసుకోలేని సందర్భంలో కూడా చూడాల్సింది ఇతరులు అనుకునే ‘మేలు’ కాదని, ఆ మనిషి ఇష్టాయిష్టాలు ఏమై ఉంటాయో వీలైనంత సరిగ్గా గ్రహించాలని చెప్పింది.

మేధోపరమైన వైకల్యం ఉన్న పిల్లల తల్లిదండ్రులు కొందరికి ఇది మింగుడుపడలేదు. మా తర్వాత ఎవరు చూస్తారన్న వారి భయం నిజమైనదే, ఏ అధికరణమూ దాన్ని ఒక్క రోజులో తీసేయదు. కొన్ని దేశాలు కూడా ఈ అధికరణంపై తమ షరతులు నమోదు చేశాయి. అయినా పెరూ 2018లో, కొలంబియా 2019లో తమ చట్టాలు మార్చి, వయోజనులైన వికలాంగుల విషయంలో తోడ్పాటు పద్ధతి వైపు వచ్చాయి. కార్యవర్గంలో మెజారిటీ అభిప్రాయం ఏమిటంటే, ఆ భయానికి జవాబు నమ్మకస్తులైన తోడు మనుషుల్ని ముందుగానే కూర్చుకోవడం. మనిషి సంతకం చేసే హక్కును లాగేసుకోవడం జవాబు కాదు. తల్లిదండ్రుల భిన్నాభిప్రాయాన్ని వారు రాసిచ్చినట్టే సమావేశ నివేదికలో చేర్చాం.

సంరక్షకత్వం ఎంత దూరం పోతుందో ఓటు హక్కు చూపిస్తుంది. హంగరీలో సంరక్షకత్వం కింద ఉన్న ఆరుగురి పేర్లు ఓటర్ల జాబితా నుంచి వాటంతటవే తొలగిపోయాయి. 2010 ఎన్నికల్లో వారు ఓటు వేయలేకపోయారు. మేధోపరమైన వైకల్యం కారణంగా, వ్యక్తిగత పరీక్ష పెట్టి అయినా సరే, ఓటు తీసేయడం వివక్షేనని 2013లో కమిటీ నిర్ణయించింది. ఇతర ఓటర్లెవరికీ తెలివి పరీక్ష లేనప్పుడు వీరికి మాత్రం ఎందుకు?

చదువు పనిలోకి వచ్చిన తీరు

అర్జీ నమూనా మార్చాం. ఇప్పుడు ప్రతి అర్జీలోనూ జరిగింది ఏమిటి, ఏ హక్కుకు భంగం కలిగింది, అడుగుతున్నది అందుబాటా సర్దుబాటా, ఎవరు ఏం చేయాలి, ఎప్పటిలోగా చేయాలి అన్నవి ఉంటాయి. ఒడంబడిక ఒక్కటే చాలదు, దాన్ని అమలు చేసే దేశీయ చట్టంలోని సెక్షను కూడా రాయాలి. అధికారి బల్ల మీద పనిచేసేది అదే. తిరస్కరణ ఎప్పుడూ లిఖితపూర్వకంగా తీసుకోమని సభ్యులకు చెబుతున్నాం. నోటిమాటగా కాదన్న దాన్ని తర్వాత నిరూపించడం కష్టం.

ఒడంబడికకు అనుబంధంగా ఉన్న ఐచ్ఛిక ప్రోటోకాల్ కింద ఐక్యరాజ్యసమితి కమిటీకి వ్యక్తిగత ఫిర్యాదు చేయవచ్చా అని చాలామంది అడిగారు. ఫిర్యాదు ఏ దేశం మీదో ఆ దేశం ప్రోటోకాల్‌లో కూడా చేరి ఉండాలి, దేశంలోని పరిష్కార మార్గాలన్నీ ముందు ప్రయత్నించి ఉండాలి, పేరు లేని ఫిర్యాదు తీసుకోరు. ఆ కమిటీ కోర్టు కాదు. దాని నిర్ణయాన్ని బలవంతంగా అమలు చేయించే యంత్రాంగం దానికి లేదు. అయినా దేశీయ కోర్టుల్లో వాదనకు ఆ నిర్ణయాలు పనికొస్తాయి, అందుకే వాటి తెలుగు సారాంశాలు తయారుచేస్తున్నాం.

మన సొంత సమావేశాల్లో సంజ్ఞా భాష అనువాదం, తెరపై అక్షరాలు శాశ్వత ఏర్పాటు అయ్యాయి. కార్యసూచిక ముందుగా సులభమైన భాషలో, తెర చదివే సాఫ్ట్‌వేరుకు అందే రూపంలో వెళుతోంది. ఆ ఖర్చును బడ్జెట్‌లో ప్రత్యేక పద్దుగా పెట్టాం. మిగిలితే చూద్దాం అనే పద్దు కింద ఉంటే అది ఎప్పటికీ మిగలదు. ఆడిట్ చేసిన ఆదాయవ్యయాల పట్టిక విడిగా మీకు అందుతుంది.

బడి విషయంలో పని ఆశించినంత సాగలేదు. 24వ అధికరణం మీద కమిటీ 2016లో ఇచ్చిన వ్యాఖ్య ప్రకారం, పిల్లవాడిని మామూలు బడిలో కూర్చోబెట్టి బడిని మాత్రం మార్చకపోతే అది సమ్మిళిత విద్య కాదు. దీనిపై ఉపాధ్యాయులతో మాటలు మొదలయ్యాయి, ముగింపుకు రాలేదు.

వచ్చే ఏడాది

ఒడంబడికలో చేరిన దేశాలు మొదట రెండేళ్లలోపు, ఆ తర్వాత కనీసం నాలుగేళ్లకోసారి కమిటీకి నివేదిక ఇవ్వాలని 35వ అధికరణం చెబుతుంది. ప్రభుత్వ నివేదిక పక్కన వికలాంగుల సంస్థలు తమ ప్రత్యామ్నాయ నివేదిక పంపవచ్చు. ఇతర సంఘాలతో కలిసి అలాంటి నివేదికకు సమాచారం కూర్చడం వచ్చే ఏడాది మన ప్రధాన కార్యక్రమంగా కార్యవర్గం ప్రతిపాదిస్తోంది. సర్వసభ్య సమావేశం దీనిపై ఓటు వేయాలి.

అందుకు కావలసింది సభ్యుల అనుభవాలే. ఎక్కడ, ఎప్పుడు, ఏమి అడిగారు, ఏమి జవాబు వచ్చింది అన్నవి రాసి, లిఖిత తిరస్కరణ ఉంటే దాని ప్రతి జతచేసి సమావేశానికి ముందే పంపండి. రాయలేనివారు ఆడియో గానీ సంజ్ఞా భాషలో వీడియో గానీ పంపవచ్చు, రాతప్రతి మేం తయారుచేసి మీకు చూపించాకే వాడతాం. మీ అనుమతి లేకుండా పేరు ఎక్కడా రాదు.

కార్యవర్గం తరఫున,
కార్యదర్శి