ఇగ్నిషన్ స్విచ్ మార్చే ముందు మీటరు పెట్టి చూడండి

సంపాదకులకు నమస్కారం.

పాత కార్ల నిర్వహణ గురించి మీ పత్రికలో వచ్చిన వ్యాసం చాలావరకు బాగుంది. కానీ అందులోని ఒక సలహాను సరిదిద్దాలి. కీ తిప్పినా సెల్ఫ్ (స్టార్టర్ మోటార్) తిరగకపోతే ఇగ్నిషన్ స్విచ్ మార్చాలనీ, సరైన స్విచ్ దొరక్కపోతే బ్యాటరీ నుంచి నేరుగా ఒక పుష్ బటన్ పెట్టుకోవచ్చనీ రాశారు. స్విచ్ పాడవడం తరచూ జరిగేదే, కాదనను. అయితే అది ఎందుకు పాడైందో చూడకుండా కొత్తది బిగిస్తే కొన్నాళ్లకు అదీ అలాగే కాలుతుంది. చాలా బళ్లలో అసలు తప్పు స్విచ్‌లో ఉండనే ఉండదు. ఇక ఆ పుష్ బటన్ సంగతి, రాసిన పద్ధతిలో పెడితే బండికి నిప్పంటుకునే ప్రమాదం ఉంది.

కార్బురేటర్లు, పాయింట్లు (స్పార్క్ కోసం కాయిల్ కరెంటును కలిపి తెంచే కాంటాక్టులు) ఉన్న తరం కార్లలో ఈ స్విచ్ పని తేలిగ్గానే అర్థమవుతుంది. బ్యాటరీ కరెంటు ఒక టెర్మినల్ దగ్గర ఎప్పుడూ నిలిచి ఉంటుంది. దాన్ని బి అనో బ్యాట్ అనో గుర్తిస్తారు, జర్మన్ డిన్ పద్ధతిలో దాని అంకె 30. స్పార్క్‌కు కావలసిన అధిక వోల్టేజీ పుట్టించే కాయిల్‌కు వెళ్లేది ఐజీఎన్ లేదా 15, సెల్ఫ్‌ను కలిపే విద్యుదయస్కాంత స్విచ్ అయిన సోలినాయిడ్‌కు వెళ్లేది ఎస్‌టీ లేదా 50, రేడియో వంటివాటికి ఏసీసీ. ఆఫ్‌లో బ్యాటరీ టెర్మినల్ దేనితోనూ కలవకూడదు. యాక్సెసరీ స్థానంలో ఏసీసీతో మాత్రమే కలవాలి. ఆన్‌లో ఏసీసీ, ఐజీఎన్ రెండూ కలవాలి. స్టార్ట్‌లో ఐజీఎన్, ఎస్‌టీ కలవాలి, ఏసీసీ తెగిపోవాలి. స్టార్ట్‌లో కూడా ఐజీఎన్ తెగకూడదన్నది చాలామంది పట్టించుకోని విషయం. సగం జబ్బులు అక్కడే పట్టుబడతాయి.

సెల్ఫ్ చక్కగా తిరుగుతూ ఉంటుంది, ఇంజిన్ మాత్రం అందుకోదు, కీ వదిలిన క్షణంలో ఒక్కసారి అందుకోబోయినట్టు ఊగుతుంది. స్టార్ట్ స్థానంలో ఇగ్నిషన్ కాంటాక్ట్ పోయిందనడానికి ఇది గుర్తు. సెల్ఫ్ తిరిగినంతసేపూ కాయిల్‌కు కరెంటు లేదు, కీ వెనక్కి వచ్చాక గానీ రాలేదు. దీనికి సరిగ్గా తలకిందులైన లక్షణం ఇంకొకటి ఉంది. సెల్ఫ్ కొడుతుండగా ఇంజిన్ అందుకుంటుంది, కీ వదలగానే టక్కున ఆగిపోతుంది. ఇలా జరిగితే స్విచ్ కన్నా ముందు, కాయిల్‌కు వెళ్లే కరెంటును అదుపులో ఉంచే బ్యాలస్ట్ రెసిస్టర్‌ను చూడాలి.

ఈ బ్యాలస్ట్ గురించి కొంచెం వివరంగా చెప్పాలి. మామూలు 12 వోల్టుల కాయిల్ ప్రైమరీ నిరోధం దాదాపు 3 ఓమ్‌లు ఉంటుంది. బ్యాలస్ట్ ఉన్న బళ్లలో కాయిల్ ఒకటిన్నర ఓమ్ దగ్గర, దానికి సిరీస్‌లో మరో ఒకటిన్నర ఓమ్ రెసిస్టర్ ఉంటాయి. ఇంజిన్ నడుస్తున్నప్పుడు కరెంటు రెసిస్టర్ గుండా వెళుతుంది. సెల్ఫ్ కొట్టేటప్పుడు బ్యాటరీ వోల్టేజీ పడిపోతుంది కాబట్టి రెసిస్టర్‌ను పక్కనబెట్టి మరో వైరు నేరుగా కాయిల్‌కు కరెంటు ఇస్తుంది. ఆ వైరు కొన్ని బళ్లలో స్విచ్ నుంచే, కొన్నిటిలో సోలినాయిడ్ మీద ఉన్న అదనపు టెర్మినల్ నుంచి వస్తుంది. రెసిస్టర్ తెగిపోతే సెల్ఫ్ తిరిగినంతసేపే ఇంజిన్‌కు ప్రాణం. ఇది తెలియక రెసిస్టర్ తీసేసి రెండు వైర్లూ కలిపేస్తే బండి ఆ పూటకు నడుస్తుంది. కానీ 4 ఆంపియర్లు పోవలసిన చోట 8 ఆంపియర్లు పోయి పాయింట్లు మాడతాయి, కాయిల్ చెయ్యి పెట్టలేనంత కాగుతుంది. కొన్ని కార్లలో రెసిస్టర్ విడిగా కనబడదు, హార్నెస్‌లోనే (వైర్ల కట్టలోనే) రెసిస్టెన్స్ వైరుగా దాగి ఉంటుంది. వైరు పాతబడిందని దాని స్థానంలో మామూలు రాగి వైరు వేసినా ఇదే గతి. అందుకే కొత్త వైరు లాగే ముందు, కాయిల్ ప్లస్ నుంచి స్విచ్ ఐజీఎన్ టెర్మినల్ దాకా ఓమ్‌లు కొలిచి రాసిపెట్టుకోవాలి.

నడుస్తున్న బండి గతుకులో పడినప్పుడు ఇంజిన్ ఒక్క క్షణం చచ్చి మళ్లీ అందుకుంటే డ్యాష్‌బోర్డు గమనించండి. దానికి కూడా అదే క్షణంలో కరెంటు పోతే తప్పు స్విచ్‌లోనో, దాని కప్లర్‌లోనో (వైర్లు కలిసే ప్లాస్టిక్ సాకెట్‌లోనో) ఉంది. డ్యాష్‌బోర్డుకు కరెంటు ఆగకుండా ఇంజిన్ ఒక్కటే తడబడితే కాయిల్, డిస్ట్రిబ్యూటర్ వైపు వెళ్లాలి. కీ తీసేశాక కూడా ఇంజిన్ నాలుగైదు సార్లు గడగడలాడి ఆగడం స్విచ్ జబ్బు కాకపోవచ్చు. సిలిండర్లో ఎర్రగా కాలిన మసి పెట్రోలును అంటిస్తున్నా, కార్బురేటర్‌లోని ఐడిల్ కటాఫ్ వాల్వు మూసుకోకపోయినా అలాగే జరుగుతుంది. కీ తీశాక కాయిల్ ప్లస్ దగ్గర వోల్టేజీ సున్నా అయితే స్విచ్‌ను నిందించే పని లేదు.

ఇక కొలతలు. ముందు బ్యాటరీ. విశ్రాంతిలో 12.6 వోల్టులు ఉండాలి, సెల్ఫ్ తిరుగుతుండగా 9.6 కన్నా కిందికి పోకూడదు. పోతే బ్యాటరీ, లావు కేబుళ్లు, ఇంజిన్ ఎర్త్ స్ట్రాప్, సెల్ఫ్ మోటార్ చూశాకే మిగతావి. ఈ పరీక్షలో ఇంజిన్ అందుకోకుండా కాయిల్ నడిమి హెచ్‌టీ వైరు (స్పార్క్‌కు అధిక వోల్టేజీ మోసే లావు వైరు) పీకి ఎర్త్ చేయాలి. గేరు న్యూట్రల్‌లో, హ్యాండ్‌బ్రేక్ పైకి, చక్రాలకు అడ్డం తప్పనిసరి. ఆటోమేటిక్ గేరు బండి అయితే ఎస్‌టీ లైనులో న్యూట్రల్ సేఫ్టీ స్విచ్ ఉంటుంది. లివర్ న్యూట్రల్‌లో పెట్టి కొంచెం అటూ ఇటూ కదిపితే సెల్ఫ్ తిరిగిందంటే తప్పు అక్కడే.

డిజిటల్ మల్టీమీటరు ఇక్కడ మనల్ని మోసం చేయగలదు. అది దాదాపు కరెంటు తీసుకోదు కాబట్టి, వైరులో ఒకే ఒక్క పోగు మిగిలినా, కాంటాక్ట్ మసిబారినా 12 వోల్టులు చూపిస్తుంది. అదే లైనుకు 21 వాట్ల బ్రేక్ బల్బు తగిలిస్తే పావు తక్కువ రెండు ఆంపియర్లు లాగాలి, అప్పుడు గుట్టు బయటపడుతుంది. ఇంకా మంచి పద్ధతి వోల్టేజీ డ్రాప్, అంటే దారిలో పోయే వోల్టేజీ, కొలవడం. కీ ఆన్ చేసి, పాయింట్లు మూసుకున్న స్థితిలో మీటరు ఒక కొన బి మీద, ఇంకో కొన ఐజీఎన్ మీద పెట్టండి. 0.2 వోల్టుల లోపు ఉంటే ఆ కాంటాక్ట్ బాగున్నట్టే. పాయింట్లు తెరుచుకుని ఉంటే కాయిల్‌లో కరెంటు పారదు, సున్నాకు దగ్గరి అంకె చూసి మోసపోవచ్చు. కొలవడం అయిపోగానే కీ ఆఫ్ చేయండి. ఇంజిన్ ఆగి ఉండగా పాయింట్లు మూసుకుని ఉంటే కాయిల్ దాదాపు 50 వాట్ల వేడితో మాడుతూ ఉంటుంది. సెల్ఫ్ తిరుగుతుండగా బ్యాటరీ ప్లస్ నుంచి సోలినాయిడ్ 50 టెర్మినల్ దాకా ఇదే కొలిస్తే, అర వోల్టు లోపు మంచిది. ఒక వోల్టు దాటితే ఆ దారిలో ఎక్కడో కరెంటు వేడిగా వృథా అవుతోంది. బ్యాటరీ నుంచి స్విచ్ దాకా, స్విచ్ మీద, స్విచ్ నుంచి సోలినాయిడ్ దాకా విడివిడిగా కొలిస్తే చోటు తెలిసిపోతుంది.

చాలాసార్లు ఆ చోటు స్విచ్ వెనక కప్లరే. తెల్లని ప్లాస్టిక్ ఒక మూల గోధుమరంగుకు తిరిగి ఉంటుంది. ఆ మూలలోని లగ్ (వైరు చివరి ఇత్తడి కొన) బయటికి లాగితే ఇత్తడి మెరుపు పోయి నీలంగా, నల్లగా కనిపిస్తుంది. వైరు చివర అంగుళం మేర ఇన్సులేషన్ గట్టిపడి, వంచితే పెళుసుగా విరుగుతుంది. ఇది కనిపిస్తే స్విచ్ ఒక్కటే మార్చడం దండగ. కాలిన లగ్ పట్టు వదిలేసి ఉంటుంది, కొత్త స్విచ్‌నూ అదే కాలుస్తుంది. నల్లబడిన రాగి కత్తిరించి, మెరిసే రాగి వచ్చేదాకా వెనక్కి పోయి, కొత్త లగ్ క్రింప్ చేయాలి (నొక్కి బిగించాలి).

స్విచ్ బాగుండి కీ వైపు పోయిన బళ్లు కూడా చాలా. ఎన్నో కార్లలో కీ దూర్చే బ్యారెల్ వేరు, కరెంటు కలిపే భాగం వేరు, మధ్యలో ఒక చిన్న నాలుక. వెనక భాగాన్ని విప్పి స్క్రూడ్రైవరుతో తిప్పండి. అలా తిప్పితే సెల్ఫ్ కొట్టి, కీతో కొట్టకపోతే నాలుకో బ్యారెలో అరిగింది. స్విచ్ స్టీరింగ్ కాలమ్ కింద ఉండి కడ్డీతో కదిలే రకాల్లో స్విచ్‌ను పట్టుకునే రంధ్రాలు పొడవుగా ఉంటాయి. అక్కడ కొంచెం జరిగినా స్టార్ట్ దాకా అందదు, జరిపి బిగిస్తే సరిపోతుంది. ఇంకో ముఖ్యమైన పరీక్ష. కీ స్టార్ట్ నుంచి వదలగానే స్ప్రింగుతో దానంతటదే ఆన్‌కు రావాలి. బద్ధకంగా వస్తే సెల్ఫ్ ఇంజిన్‌తో పాటు తిరుగుతూ మాడిపోతుంది. బ్యారెల్‌లో గ్రాఫైట్ పొడి వేయండి, నూనె వద్దు. పది తాళాల గుత్తి ఆ కీకి వేలాడదీయడం మానండి.

ఎస్‌టీ కాంటాక్ట్ కాలడానికి అసలు కారణం సోలినాయిడ్. పినియన్‌ను (సెల్ఫ్ చివరి చిన్న పళ్లచక్రాన్ని) ముందుకు తోసే రకం సోలినాయిడ్లు కొన్ని మొదటి క్షణంలో 30 ఆంపియర్లకు పైగా లాగుతాయి. ఆ భారమంతా అంత చిన్న కాంటాక్ట్ మీద పడుతుంది. దీనికి నిలిచే మందు నాలుగు కాళ్ల రిలే, అంటే చిన్న కరెంటుతో పెద్ద కరెంటును కలిపే స్విచ్. కింది 30, 85, 86, 87 అంకెలు దాని కాళ్లవి. స్విచ్ నుంచి వచ్చే పాత ఎస్‌టీ వైరు 86కు, 85 బాడీ ఎర్త్‌కు, బ్యాటరీ ప్లస్ నుంచి 30 ఆంపియర్ల ఫ్యూజ్ ద్వారా 4 చదరపు మిల్లీమీటర్ల వైరు రిలే 30కు, 87 నుంచి అదే మందం వైరు సోలినాయిడ్‌కు. రిలే 40 ఆంపియర్లది తీసుకోండి. ఫ్యూజ్ బ్యాటరీకి జానెడు దూరంలోనే ఉండాలి, దాని కన్నా ముందున్న వైరుకు రక్షణ లేదు కాబట్టి. ఇప్పుడు స్విచ్ మోసేది 0.2 ఆంపియర్ల లోపే. ఇగ్నిషన్ లైనుకు కూడా రిలే పెట్టేవాళ్లకు ఒక హెచ్చరిక. బ్యాటరీని చార్జ్ చేసే ఆల్టర్నేటర్ నుంచి చార్జింగ్ బల్బు గుండా వెనక్కి వచ్చే కొద్దిపాటి కరెంటే ఆ రిలేను పట్టి ఉంచవచ్చు, కీ తీసినా ఇంజిన్ ఆగదు. బల్బు లైనులో కరెంటును ఒకే వైపు పోనిచ్చే 1ఎన్4007 డయోడ్ పెట్టి, చార ఉన్న కొన ఆల్టర్నేటర్ వైపు ఉంచితే ఆ సమస్య పోతుంది.

వైర్ల రంగులు నమ్మే ముందు బండి ఏ దేశపు పద్ధతిదో చూసుకోండి. బ్రిటిష్ కార్ల లూకాస్ పద్ధతిలో గోధుమరంగు వైరు ఫ్యూజ్ లేని బ్యాటరీ ప్లస్, తెలుపు ఇగ్నిషన్, తెలుపు మీద ఎర్ర చార సోలినాయిడ్. జర్మన్ కార్లలో అదే గోధుమరంగు ఎర్త్. ఒక పద్ధతి అలవాటున్న చెయ్యి ఇంకో బండిలో గోధుమ వైరును బాడీకి బిగిస్తే ఏమవుతుందో చెప్పనక్కర్లేదు. పని మొదలుపెట్టే ముందు బ్యాటరీ ఎర్త్ కేబుల్ మొదట తీయాలి, చివర్న బిగించాలి. 1960ల మధ్య దాకా వచ్చిన చాలా బ్రిటిష్ కార్లలో ప్లస్సే ఎర్త్, అక్కడ ముందు తీయవలసింది అదే. స్విచ్ నుంచి వైర్లు ఊడదీసే ముందే ప్రతిదానికీ చీటీ కట్టండి. వైర్లు మెలితిప్పి టేపు చుట్టొద్దు. వేడికి టేపు జిగురు కారి ఊడిపోతుంది. క్రింప్ చేసి హీట్ ష్రింక్ స్లీవ్ తొడగాలి. రేకు రంధ్రంలోంచి వెళ్లే ప్రతిచోటా రబ్బరు గ్రోమెట్ ఉండాలి.

ఇప్పుడు పుష్ బటన్. ఫ్యూజ్ లేకుండా బ్యాటరీ నుంచి డ్యాష్‌బోర్డు కిందికి లాగిన వైరు ఒక్కచోట రేకుకు ఒరుసుకుంటే చాలు, ఆపే దారి ఉండదు. పైగా కీ లేకుండానే, గేరులో ఉండగానే పిల్లలు నొక్కినా బండి ముందుకు దూకుతుంది. బటన్ కావాలనుకునేవారు పైన చెప్పిన రిలేనే పెట్టి, 86కు వెళ్లే లైనును ఇగ్నిషన్ ఆన్ టెర్మినల్ నుంచి చిన్న ఫ్యూజ్, బటన్ మీదుగా తీసుకోవాలి. అప్పుడు కీ ఆన్‌లో ఉంటేనే బటన్ పనిచేస్తుంది, స్టీరింగ్ లాక్ కూడా విడిపోయి ఉంటుంది.

ఆ వ్యాసాన్ని దాచుకున్న పాఠకులు బటన్ సలహాను యథాతథంగా పాటించే అవకాశం ఉంది. దయచేసి ఆ భాగానికి సవరణ వేయండి. స్థలం తక్కువైతే ఫ్యూజ్, రిలే గురించిన నాలుగు వాక్యాలైనా తప్పకుండా అచ్చు వేయండి.

ఇట్లు,
ఒక ఆటో ఎలక్ట్రీషియన్