రోజూ నాలుగు ఫ్రేములకు చోటివ్వండి

సంపాదకులకు నమస్కారం.

పాకెట్ కార్టూన్, ఆదివారం అనుబంధంలో ఓ మూల రెండు జోకులు. మన దినపత్రికల్లో నవ్వించే బొమ్మకు దక్కే చోటు దాదాపు ఇంతే. అవే పాత్రలు రోజూ పలకరించే స్ట్రిప్ (వరుస ఫ్రేముల బొమ్మల కథ) ఒకటి తెలుగు కార్టూనిస్టుతో వేయించండి. అది ఎలా నిలబడుతుందో అమెరికాలో ‘పీనట్స్’ గీసిన చార్లెస్ షుల్జ్ చూపించారు.

1950 అక్టోబర్ 2న ఆ స్ట్రిప్ మొదలైంది ఏడు పత్రికల్లోనే. పేరు సిండికేట్ (స్ట్రిప్పులను పత్రికలకు అమ్మే సంస్థ) పెట్టింది, ఆయనకది నచ్చనే లేదు. నాలుగు ఫ్రేములూ ఒకే కొలతలో ఉండేవి. అడ్డంగానో, నిలువుగానో, రెండు మీద రెండుగానో ఎక్కడ ఖాళీ ఉంటే అక్కడ ఇమడాలి కదా! ఆ ఇరుకే ఆయన శైలికి దారి చూపింది: చిన్న మనుషులు, వెనక తెల్లటి ఖాళీ, పొదుపైన మాటలు. లూసీ, లైనస్ అనే పాత్రలు వచ్చింది 1952లో. కుక్క స్నూపీ తన గూటి కప్పెక్కి పడుకున్నది 1958లో. మూడు నెలలు చూసి ఆపేసి ఉంటే వీళ్లెవరూ లేరు. అందుకే కార్టూనిస్టుకు కనీసం ఏడాది గడువివ్వండి. 2000 ఫిబ్రవరిలో ముగిసేసరికి 17,897 స్ట్రిప్పులయ్యాయి. ఆలోచన, పెన్సిలు, ఇంకు, అక్షరాలు అన్నీ ఆయన చేతివే.

తెలుగులో అసలు చిక్కు అక్షరాలతోనే. ‘రాష్ట్రం’ అని రాస్తే కింద రెండు ఒత్తులు దిగుతాయి. వరుసలు దగ్గరైతే అవి కింది వరుసలోని గుడులకు తగులుతాయి. అచ్చులో అక్షరం 3 మిల్లీమీటర్లుంటే వరుసకూ వరుసకూ 6 మిల్లీమీటర్లు కావాలి. 4 సెంటీమీటర్ల చదరపు ఫ్రేములో మూడు వరుసలు రాస్తే సగం చోటు మాటలకే పోతుంది. ఫ్రేముకు ఏడెనిమిది మాటలు మించకూడదు. బొమ్మను రెట్టింపు కొలతలో గీసి తగ్గిస్తారు కాబట్టి, అక్కడ 0.3 మిల్లీమీటర్ల గీత అచ్చులో 0.15 అవుతుంది, తెగిపోతుంది. న్యూస్‌ప్రింట్ మీద ఇంకు పరుచుకుని సన్నటి సందులు పూడిపోతాయి కూడా. ‘ధర’ కాస్తా ‘దర’లా కనబడుతుంది.

పేజీ పెట్టేచోట జరిగే నష్టం ఇంకా ఎక్కువ. నాలుగు కాలమ్‌ల వెడల్పు స్ట్రిప్‌ను ప్రకటన కోసం మూడింటికి నొక్కితే గుండ్రటి తలలు కోడిగుడ్లవుతాయి. చోటు చాలని రోజు వెడల్పు, ఎత్తు ఒకే పాళ్లలో తగ్గించాలి, లేదా ఫ్రేములను రెండు మీద రెండుగా పేర్చాలి. వాట్సాప్‌లో వచ్చిన ఫొటో పనికిరాదు, గీతల అంచులు చెదిరిపోతాయి. నలుపు-తెలుపు బొమ్మను కనీసం 600 డీపీఐలో (అంగుళానికి 600 చుక్కలు) స్కాన్ చేయించండి. రంగుల పేజీకి ఒక్కో రంగుకు ఒక్కో అచ్చు ప్లేటు ఉంటుంది కాబట్టి నల్ల గీత ఒక్క నలుపు ప్లేటులోనే ఉండాలి. నాలుగు రంగుల్లోనూ పడితే ప్లేట్లు వెంట్రుకవాసి జరిగినా అక్షరం చుట్టూ ఎర్రటి నీడ తేలుతుంది.

రోజు కూలీలా ముక్కకు ఇంతని కాక నెలకు ఇంతని పారితోషికం ఇవ్వండి. మొదటి స్ట్రిప్ అచ్చుకెళ్లే ముందే ఆరు వారాల సరుకు, అంటే వారానికి ఆరు చొప్పున 36 స్ట్రిప్పులు, చేతిలో పెట్టుకోండి. జ్వరమొచ్చినా, చెయ్యి నొప్పెట్టినా చోటు ఖాళీ పడదు. ఆ లెక్కన సంక్రాంతి స్ట్రిప్ డిసెంబర్ మొదటి వారానికే మీ బల్ల మీదకు చేరాలి.

ఇట్లు,
కార్టూన్ అభిమానులు, విజయవాడ